ళ కి జెండా లేదు

నేను సైన్‌బోర్డులు రాసేవాణ్ణి.
బరంపురం నుంచి గోపాలపురం సముద్రం దాకా
సగం కొట్ల పేర్లు నా చేతివే.
పైన ఒడియాలో గుండ్రంగా,
కింద తెలుగులో ఇంకాస్త గుండ్రంగా.

చోడిపల్లి ఎర్రయ్య పదిహేనేళ్ళు నేవీలో జెండాలూపి
ఒక్క ఇనప్పెట్టెతో దిగాడు.
పెట్టె మీది పేరు చెరిపేసి మళ్ళీ రాయమన్నాడు.
"అందుల నాను యెర్రాయా నట.
మాయమ్మ అలగ ఎప్పుడు పిలిసింది?"
డబ్బులడిగితే వంజరం ముక్కలు పెట్టాడు.

ఏదో రేవులో (పేరు చెప్పేవాడు, నాకు నోరు తిరగదు)
నార్వే నావికుడొకడు కలిశాడట.
వాడి మాట వీడికి రాదు, వీడి మాట వాడికి రాదు.
డ్యూటీ లేని సాయంత్రాలు
ఓడ మీంచి ఓడ మీదికి చేతులూపుకున్నారు.
ఓడ దిగాక చేపలమ్ముతాను,
తరవాత ఓట్లడుగుతాను అన్నాడట వాడు.
అన్నంతా చేశాడని పదేళ్ళకి
మంచుకొండ బొమ్మతో కార్డొచ్చింది.
అప్పటికి ఎర్రయ్యది ఐసు ఫ్యాక్టరీ.
కార్డుని గోడకి మేకేసి కొట్టాడు.
"ఆడి దేశంల ఐసు ఎవుడు కొంతాడు?
ఆ ఒక్కటీ నానే గెలిసాను."

విశాఖలో పాత ఇనుము కింద కొన్న కంప్రెసరు,
బ్యాంకు ఇవ్వని అప్పు,
గంగులమ్మ గంప మోసి తెచ్చిన అప్పు.
మొదటి దిమ్మ బయటికి తీసిన రాత్రి
దాని నడుమ చిన్న రొయ్య, ఎలా వచ్చిందో,
మీసాలు కూడా వంగకుండా.
"దీన్నమ్మకండి" అన్నాడు.
కరిగేదాకా అందరం చుట్టూ కూర్చున్నాం.

తుపానుకి కరెంటు పోయిన పదకొండు రోజులు
జెనరేటరు నడిపాడు, చేపలకి కాదు,
సూరత్ నుంచి మనుషులు దిగేదాకా ఆగాల్సిన శవాలకి.
లెక్కల పుస్తకంలో ఆ పేజీలు ఖాళీ.
ఓట్ల కోసమే అన్నారు.
"కొంత" అని ఆయనే ఒప్పుకున్నాడు.

పడవ గుర్తు అడిగితే కుట్టుమిషను ఇచ్చారు.
గోడ గోడకీ కుట్టుమిషను వేశాను,
మా అత్త గోడకి అడక్కుండానే.
మొదటిసారి పందొమ్మిది ఓట్లకి పోయింది.
రెండోసారి గెలిచాడు.
అప్పుడు సారా పంచలేదని నేను చెప్పను.

ఒక మధ్యాహ్నం ఖాళీ పెట్టెల మీద కూర్చుని
నాకు జెండా అక్షరాలు నేర్పాడు.
అన్నీ దొరలవే, ఇరవయ్యారు.
"మరి ళ?" అన్నాను.
బోర్డులు రాసేవాడి బాధ అది,
బ్రష్షు ఎత్తకుండా నేను తిప్పే వంపు.
ఎర్రయ్య చాలాసేపు సముద్రం వైపు చూశాడు.
కుడి చెయ్యి తల వెనకనుంచి తిప్పి
ఎడమ చెవి పట్టుకున్నాడు.
"ఇదీ. వొత్తుంటే రెండుమార్లు."

కౌన్సిల్లో మా సాహి కుళాయి మాటెత్తితే
మైకు కట్టేశారు.
అరిస్తే బయటికి పంపుతారు, అంతకుముందు పంపారు.
లేచి నిలబడి చేతులు చాపాడు.
ఎన్. ఐ.
తరవాత చెయ్యి తల వెనక్కి వెళ్ళి చెవి పట్టుకుంది,
దిగింది, మళ్ళీ వెళ్ళింది.
గుంజీళ్ళు తీస్తున్నాడ్రా అని ఎవరో ఒడియాలో అంటే
సభంతా నవ్వింది.
వెనక బెంచీలో రంగు డబ్బాతో ఉన్న నేనొక్కణ్ణే
చదివాను.

కుళాయి మూడేళ్ళకొచ్చింది, ఆయన ఓడిపోయాక.
ఫలకం మీద వేరొకరి పేరు.
నేనే రాశాను, కూలీ తీసుకున్నాను.
కింద "మంచినీళ్ళు" దగ్గర మాత్రం
ళ వంపుని కొంచెం ఎక్కువ తిప్పాను,
చెవి పట్టుకున్న మనిషిలా.

ప్రారంభం నాడు ఎవరూ చూడలేదు.
వరసలో ఎనిమిదో మనిషి చూశాడు.
అక్షరం వైపు, తరవాత నా వైపు.
రెండు చేతుల్లో రెండు బిందెలున్నాయి,
ఏమీ అనలేకపోయాడు.